పాటలతో పనిలేని సంగీత దర్శకుడు: బెర్నార్డ్ హెర్మన్‌పై పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

గత సంచికలో ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ ‘సైకో’ చిత్రం గురించి అడిగిన ఒక ప్రశ్నకు జవాబిస్తూ, ఆ చిత్రానికి నేపథ్య సంగీతం సమకూర్చిన బెర్నార్డ్ హెర్మన్ గురించి నాలుగు వాక్యాలు రాశాము. పాటల ఊసు దాదాపు లేకుండానే పెద్ద సంగీత దర్శకుడిగా పేరు తెచ్చుకున్న మనిషి అనే మాట చాలామందికి వింతగా తోచినట్టుంది. ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఆయన మీదే ఉన్నాయి కనుక శీర్షిక మొత్తం ఆయనకే కేటాయిస్తున్నాము. ఒకే సంగతి పలువురు అడిగినచోట ఒక్కరి ఉత్తరాన్నే తీసుకున్నాము.

ప్రశ్న: ‘నాటు నాటు’తో కీరవాణి గారికి సంగీతానికి ఆస్కార్ వచ్చిందని అందరం చెప్పుకున్నాం. పాటకూ నేపథ్య సంగీతానికీ అక్కడ వేరువేరు అవార్డులుంటాయా? పాటలు లేకుండా కేవలం నేపథ్య సంగీతం మీదే బతికిన సంగీత దర్శకులు నిజంగా ఉన్నారా?
— ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: రెండూ వేరువేరు అవార్డులే. 2023 మార్చిలో కీరవాణి గారు, చంద్రబోస్ గారు అందుకున్నది ఉత్తమ ఒరిజినల్ పాటకు ఇచ్చే ఆస్కార్. ఆ ఏడాది ఉత్తమ ఒరిజినల్ స్కోర్, అంటే నేపథ్య సంగీతానికి ఇచ్చే అవార్డు, ‘ఆల్ క్వైట్ ఆన్ ద వెస్టర్న్ ఫ్రంట్’ అనే జర్మన్ చిత్రానికి పనిచేసిన ఫోల్కర్ బెర్టెల్‌మాన్‌కు దక్కింది. 2009లో ‘స్లమ్‌డాగ్ మిలియనీర్’ చిత్రానికి ఏ.ఆర్. రహమాన్ ఈ రెండింటినీ ఒకే రాత్రి గెలుచుకోవడంతో మనవాళ్ల మనసుల్లో అవి ఒకటైపోయినట్టున్నాయి. మన జాతీయ చలనచిత్ర పురస్కారాల్లోనూ 2009 సంవత్సరపు చిత్రాల నుంచి పాటలకూ నేపథ్య సంగీతానికీ విడివిడిగా ఇస్తున్నారు. 69వ పురస్కారాల్లో పాటలకు ‘పుష్ప’ చిత్రానికి గాను దేవిశ్రీ ప్రసాద్, నేపథ్య సంగీతానికి ‘ఆర్ఆర్ఆర్’ చిత్రానికి గాను కీరవాణి ఎంపికయ్యారు. కీరవాణి గారి నేపథ్య సంగీతాన్ని మన ప్రభుత్వమే ప్రత్యేకంగా గౌరవించిందన్న సంగతి ‘నాటు నాటు’ హోరులో ఎవరికీ వినపడలేదు.

మన పరిశ్రమలో బాణీలు కట్టినవారే రీరికార్డింగ్, అంటే నేపథ్య సంగీతం కూర్చే పని కూడా చేయడం ఆనవాయితీ. పాటలు ముందే పుట్టి, ముందే జనంలోకి వెళ్లి, సినిమాకు ప్రచారం చేసిపెడతాయి. రీరికార్డింగ్ మాత్రం అన్నీ అయిపోయాక, విడుదల తేదీ ప్రకటించేశాక, ఫస్ట్ కాపీకి, అంటే విడుదలకు సిద్ధమైన మొదటి ప్రతికి, మిగిలిన ఆ కొద్ది రోజుల్లో జరగాలి. అందుకే మన దగ్గర సంగీత దర్శకుడి పేరు పాటల మీద నిలబడుతుంది, కష్టం మాత్రం రీరికార్డింగ్ థియేటర్లో ఎక్కువగా ఉంటుంది. హాలీవుడ్‌లో ఆ రెండో పనే ఒక పూర్తి వృత్తి. హెర్మన్ 1941 నుంచి 1975 దాకా యాభైకి అటూ ఇటుగా చిత్రాలకు ఈ పని చేశారు. ఆయన సంగీతంలో థియేటర్ నుంచి బయటికి వస్తూ పాడుకోగలిగింది చాలా తక్కువ. అది తన లోపమని ఆయన ఎన్నడూ అనుకోలేదు.

ప్రశ్న: నేను సంగీత కళాశాలలో వయొలిన్ నేర్చుకుంటున్నాను. హెర్మన్ ఏం చదివి, ఎక్కడ పనిచేసి సినిమాల్లోకి వచ్చారో కొంచెం వివరంగా చెప్పగలరా?
— ఒక విద్యార్థి, వరంగల్

జవాబు: హెర్మన్ 1911 జూన్ 29న న్యూయార్క్‌లో పుట్టారు. న్యూయార్క్ విశ్వవిద్యాలయంలోనూ జూలియార్డ్ సంగీత పాఠశాలలోనూ సంగీతం అభ్యసించి, ఇరవై ఏళ్ల ప్రాయంలోనే సొంతంగా ఒక చిన్న వాద్యబృందాన్ని ఏర్పాటు చేసుకున్నారు. 1934లో సీబీఎస్ రేడియోలో చేరారు. అసలు చదువు అక్కడే జరిగిందని మా అభిప్రాయం. రేడియో నాటకంలో తెర ఉండదు, దృశ్యం మారిందని చెప్పడానికి మరో దారి ఉండదు. వీధిలోంచి ఇంట్లోకి వచ్చామని, పదేళ్లు గడిచాయని, మాట్లాడుతున్న మనిషి అబద్ధం చెబుతున్నాడని ఐదారు సెకన్ల సంగీతంతో శ్రోతకు తెలియజెప్పాలి. పల్లవి ఎత్తుకుని చరణంలోకి వెళ్లే వ్యవధి ఎక్కడిది? రెండు మూడు స్వరాల ముక్క, దానికి తగిన వాద్యం, అంతే. హెర్మన్ జీవితాంతం రాసిన పద్ధతి ఇదే. ప్రేక్షకుడు సినిమా చూస్తూ సగం చెవితోనే వింటాడనీ, కనుక పొడవాటి బాణీ కంటే చిన్న స్వరగుచ్ఛమే నేపథ్య సంగీతానికి పనికొస్తుందనీ ఆయన వాదించేవారు. ఎడిటింగ్‌లో దృశ్యం రెండు సెకన్లు తగ్గితే బాణీ విరిగిపోతుంది, చిన్న ముక్కలైతే ఒకటి తీసేసి సర్దుకోవచ్చు. వృత్తిలో ఉన్నవారికి ఈ రెండో కారణం మరింత బాగా అర్థమవుతుంది.

సీబీఎస్‌లోనే ఆయనకు నటుడు, దర్శకుడు ఆర్సన్ వెల్స్ పరిచయమయ్యారు. 1938 అక్టోబర్‌లో అమెరికాలో కలకలం రేపిన ‘వార్ ఆఫ్ ద వరల్డ్స్’ రేడియో నాటకానికి వాద్యబృందాన్ని నడిపింది హెర్మనే. వెల్స్ హాలీవుడ్‌కు వెళ్లి ‘సిటిజెన్ కేన్’ తీసినప్పుడు హెర్మన్‌ను వెంట తీసుకువెళ్లారు. రెండు మూడు వారాల్లో సంగీతం పూర్తిచేయమని స్టూడియోలు తొందరపెట్టే ఆ రోజుల్లో తనకు పన్నెండు వారాలు దొరికాయని, చిత్రీకరణ, కూర్పు సాగుతుండగానే రీలు తర్వాత రీలుగా రాసుకోగలిగానని ఆయన 1941లోనే ఒక వ్యాసంలో చెప్పుకున్నారు.

ఆ చిత్రంలోని ఒక్క ఘట్టం మీరు తప్పక గమనించాలి. కథానాయకుడు కేన్ తన రెండో భార్య సూజన్‌ను గొప్ప ఒపేరా (పాటలతో నడిచే రంగస్థల నాటకం) గాయనిగా చేయాలని పంతం పట్టి, ఆమె కోసం ఏకంగా ఒపేరా భవనమే కట్టిస్తాడు. ఆమె గొంతు దానికి సరిపోదు. ఆ సంగతి సంగీతం తెలియని ప్రేక్షకుడికి కూడా తెలియాలి, కానీ నవ్వు రాకూడదు. అపస్వరాలు పాడించి ఉంటే అది హాస్య సన్నివేశం అయిపోయేది. హెర్మన్ ఏం చేశారంటే, లేని ఒపేరా ఒకటి ఊహించుకుని దానికి ఒక పాట రాశారు. అది ఆ చిన్న గొంతుకు అందని స్థాయిలో, తెరలేస్తూనే హోరెత్తే భారీ వాద్యబృందం మీద సాగుతుంది. సన్నని, ఇంపైన గొంతున్న గాయని చేతనే దాన్ని పాడించారు. శ్రుతి తప్పకుండానే పాడుతున్నా ఆమె మునిగిపోతున్నట్టు మనకు తెలుస్తూనే ఉంటుంది. సూజన్ మీద జాలి, కేన్ మీద కోపం రెండూ ఒకేసారి కలుగుతాయి. అక్కడ సంగీతం కథకు తోడుగా ఉండటం కాదు, కథలో సగభాగాన్ని అదే చెబుతోంది. వయొలిన్ నేర్చుకుంటున్న మీకు, గొంతు స్థాయి ఎంపికతోనే ఒక పాత్ర స్వభావాన్ని చెప్పవచ్చుననే ఈ కిటుకు ఎక్కడైనా ఉపయోగపడుతుంది.

ప్రశ్న: ‘సైకో’లో స్నానాల గది హత్యకు సంగీతమే వద్దని హిచ్‌కాక్ అన్నారంటారు. ఇది నిజమా, ప్రచారం కోసం పుట్టిన కథా?
— ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం

జవాబు: నిజమే. ఆ ఘట్టంలో నీళ్ల చప్పుడు, అరుపులు తప్ప ఏమీ ఉండకూడదన్నది హిచ్‌కాక్ మొదటి ఉద్దేశం. హెర్మన్ మాత్రం ఆయన లేనప్పుడు సంగీతం రాసి ఉంచారు. మొదట సంగీతం లేకుండా, తర్వాత సంగీతంతో చూపించాక హిచ్‌కాక్ తన మాటను వెనక్కి తీసుకున్నారు. సినిమా ప్రభావంలో మూడోవంతు సంగీతానిదేనని ఆయన తర్వాత అన్నట్టు కూడా ప్రచారంలో ఉంది.

‘సైకో’ను హిచ్‌కాక్ తన సొంత డబ్బుతో, టెలివిజన్ ధారావాహికకు పనిచేసే బృందంతో, తక్కువ ఖర్చులో నలుపు తెలుపులో తీశారు. ఖర్చు తక్కువ కనుక వాద్యబృందమూ చిన్నదే. హెర్మన్ ఆ ఇబ్బందినే అనుకూలంగా మలచుకున్నారు. బాకాలు, వేణువులు, డప్పులు అన్నీ తీసేసి కేవలం తంత్రీవాద్యాలను మాత్రమే ఉంచుకున్నారు. వయొలిన్, వయోలా, సెల్లో, డబుల్ బాస్, అంతే. నలుపు తెలుపు బొమ్మకు నలుపు తెలుపు నాదం కావాలనుకున్నానని ఆయన చెప్పేవారు. ప్రేమ ఘట్టాలకు వాడే మెత్తని వాద్యాలుగా హాలీవుడ్ అలవాటు చేసిన వయొలిన్లే ఇక్కడ కత్తుల్లా వినిపించాయి.

పనితనం ఎక్కడుందో చెబుతాము. చిత్రంలో మిగతాచోట్ల తంత్రుల మీద మ్యూట్ అనే చిన్న బిగింపు పెట్టి వాయించమని స్వరలిపిలో రాశారు. దానివల్ల నాదం అణిగి, గొంతు పట్టేసినట్టు ఉంటుంది. హత్య ఘట్టంలో మాత్రం ఆ మ్యూట్‌లు తీసేయమన్నారు. ముప్పావు గంట దాకా అణచిపెట్టిన నాదం ఒక్కసారిగా బయటపడటం వల్లనే అది అంత పచ్చిగా తగులుతుంది. వయొలిన్లు అన్నిటికంటే పైస్థాయిలో ఒకదాని వెంట ఒకటి జొరబడతాయి, ఒక్కో స్వరం చివర వేలు జారుస్తూ కీచుమంటాయి, వాటి కిందికి క్రమంగా లోతైన వాద్యాలు చేరతాయి. హంతకుడు వెళ్లిపోయాక కీచుదనం ఆగి, సెల్లోలు, డబుల్ బాస్‌లు నెమ్మదిగా, బరువుగా మోగుతాయి. కత్తి ఒంట్లో దిగినట్టు చూశామని చాలామంది ప్రమాణం చేసి చెబుతారు. నిజానికి తెరమీద అటువంటిది దాదాపు ఏమీ కనిపించదు. కనిపించనిదాన్ని చూపించింది వయొలిన్లు, ఎడిటింగ్.

ఈ ఘట్టం ఎంత ప్రసిద్ధమైనా, మాకు అంతకంటే గొప్పగా తోచేది అంతకుముందు వచ్చే కారు ప్రయాణం. కథానాయిక యజమాని సొమ్ము ఎత్తుకుని వానలో కారు నడుపుతూ వెళుతుంది. తెరమీద ఉన్నది స్టీరింగ్ పట్టుకున్న ఒక ఆడమనిషి ముఖం, ఎదురుగా వచ్చే కార్ల దీపాలు మాత్రమే. సంగీతం ఆపి చూడండి, ఆమె సంతకు వెళుతోందన్నా నమ్మవచ్చు. టైటిల్స్‌లో విన్న ఆ ఉరుకుల పరుగుల సంగీతాన్నే హెర్మన్ అక్కడ మళ్లీ వేశారు. దానితో ఆమె వెనుక ఏదో తరుముకొస్తున్న భయం మనకు పట్టుకుంటుంది. కొత్త సంగీతం రాయకుండా పాతదాన్నే సరైనచోట పెట్టడం కూడా ఈ వృత్తిలో ఒక ప్రతిభే.

ప్రశ్న: హెర్మన్‌కు ఎన్ని ఆస్కార్‌లు వచ్చాయి?
— ఒక పాఠకుడు, హైదరాబాద్

జవాబు: ఒక్కటే. అదీ ‘సిటిజెన్ కేన్’కు కాదు. 1941 నాటి చిత్రాలకు గాను ఆయన పేరు రెండుసార్లు పోటీలో నిలిచింది, ‘ఆల్ దట్ మనీ కెన్ బై’ చిత్రానికి అవార్డు వచ్చింది. హిచ్‌కాక్ కోసం చేసిన ‘వెర్టిగో’, ‘నార్త్ బై నార్త్‌వెస్ట్’, ‘సైకో’ చిత్రాల సంగీతం కనీసం నామినేషన్‌కు కూడా నోచుకోలేదు. అవార్డుల లెక్కతో సంగీతాన్ని కొలిచేవారికి ఈ ఒక్క ఉదాహరణ చాలు.

ప్రశ్న: మా పిల్లవాడు కీబోర్డుతో, కంప్యూటర్‌తో సంగీతం కడతాడు. స్వరలిపి రాయడం రాదు, అది అరేంజర్ పని అంటాడు. హెర్మన్ కాలంలో ఎలా ఉండేది?
— ఒక తండ్రి, తెనాలి

జవాబు: అప్పుడూ హాలీవుడ్‌లో మీవాడు చెప్పిన పద్ధతే నడిచేది. సంగీత దర్శకుడు ముఖ్యమైన స్వరాలు గీసిస్తే, ఏ వాద్యం ఏది వాయించాలో నిర్ణయించి పూర్తి స్వరలిపి తయారుచేయడానికి స్టూడియోలో వేరే ఉద్యోగులుండేవారు. గడువులు అంత తక్కువ కనుక అందులో నామోషీ ఏమీ లేదు. హెర్మన్ మాత్రం దీన్ని ఎంతమాత్రం ఒప్పుకోలేదు, ప్రతి వాద్యానికీ తానే రాసుకున్నారు. ఆయన సంగీతంలో ఆలోచన పుట్టేదే వాద్యంతో కనుక ఆ పట్టుదలకు అర్థముంది. 1951 నాటి ‘ద డే ద ఎర్త్ స్టుడ్ స్టిల్’లో అంతరిక్షం నుంచి దిగినవాడికి థెరమిన్ అనే విద్యుత్ వాద్యాలు రెండు వాడారు. పిల్లలకు ఇష్టమైన ‘సెవెంత్ వాయేజ్ ఆఫ్ సింద్‌బాద్’లో ఎముకల గూడుతో కత్తియుద్ధానికి జైలోఫోన్ అనే కొయ్యపలకల వాద్యాన్ని కటకటలాడించారు. ఆ స్వరాలను మరొకరికి అప్పగించి వేరే వాద్యాల మీద వాయించమంటే మిగిలేది ఏమీ ఉండదు.

మన దక్షిణాదిలో ఈ పద్ధతికి పెద్ద ఉదాహరణ ఇళయరాజా గారే. రీలు చూసి, కాగితం మీద నేరుగా వాద్యబృందమంతటికీ స్వరలిపి రాసిచ్చే ఆయన తీరు గురించి అక్కడ వాయించినవారు ఇప్పటికీ చెప్పుకుంటారు. మీ పిల్లవాడు కంప్యూటర్ మానేయనక్కరలేదు. కాని తాను వినిపించిన వయొలిన్ నాదం మనిషి చేతిలో ఎంత ఎత్తుకు పోగలదో, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో తెలియకపోతే, రేపు నిజమైన వాద్యకారుల ఎదుట నిలబడ్డప్పుడు నిర్ణయాలు మరొకరి చేతుల్లోకి పోతాయి. ఆరు నెలలు కష్టపడితే స్వరలిపి వస్తుంది. నేర్పించండి.

ప్రశ్న: పదేళ్లు కలిసి పనిచేసిన హిచ్‌కాక్, హెర్మన్ ఎందుకు విడిపోయారు? తప్పు ఎవరిది?
— ఒక తెలుగు పాఠకుడు, డల్లాస్

జవాబు: 1955లో ‘ద ట్రబుల్ విత్ హ్యారీ’తో మొదలైన ఆ జోడీ 1966లో ‘టోర్న్ కర్టెన్’ రికార్డింగ్ థియేటర్లో ముగిసింది. మధ్యలో ‘ద బర్డ్స్’కు సంగీతమే లేకుండా పక్షుల శబ్దాలను విద్యుత్ వాద్యం మీద పుట్టించినప్పుడు కూడా హెర్మన్ శబ్ద సలహాదారుగా ఉన్నారంటే, వారి మధ్య నమ్మకం ఎంతటిదో గ్రహించవచ్చు.

1960ల నడుమకు వచ్చేసరికి కాలం మారింది. చిత్రంతోపాటు అమ్ముడుపోయే రికార్డు కావాలని స్టూడియోలు పట్టుబట్టసాగాయి. హిచ్‌కాక్ అంతకుముందు తీసిన ‘మార్నీ’ ఆశించినంత ఆడలేదు. కుర్రకారును ఆకట్టుకునే లయ, హుషారు కావాలని, పాత తరహా వద్దని హిచ్‌కాక్ హెర్మన్‌కు ముందే స్పష్టంగా తెలియజేశారు. హెర్మన్ సరేనని, తనకు తోచినదే రాశారు. పదహారు ఫ్రెంచి హారన్‌లు, పన్నెండు ఫ్లూట్‌లు, తొమ్మిది ట్రాంబోన్‌లు, లోతైన తంత్రీవాద్యాలు పెట్టుకుని, వయొలిన్లను పూర్తిగా తీసేశారు. రికార్డింగ్ జరుగుతుండగా థియేటర్‌కు వచ్చిన హిచ్‌కాక్ టైటిల్ సంగీతం వినగానే మండిపడి, వాద్యకారులందరి ముందే పని ఆపించేశారు. ఆ తర్వాత జాన్ ఆడిసన్ చేత వేరే సంగీతం చేయించుకున్నారు. ఈ ఇద్దరూ మళ్లీ కలిసి పనిచేయలేదు.

ఆ ఒక్క సందర్భం వరకే చూస్తే తప్పు హెర్మన్‌దే అనాలి. తనకు నచ్చని పని అయితే ముందే వద్దని తప్పుకోవాల్సింది. సరేనని చెప్పి మరొకటి రాయడం పద్ధతి కాదు, చివరి మాట దర్శకుడిదే. కాని ఒక్క సంగతి ఆలోచించండి. 1960లో ‘సైకో’కు ఆయన చేసిందీ సరిగ్గా ఇదే. వద్దన్నచోట సంగీతం రాశారు, అప్పుడు మెచ్చుకోళ్లు వచ్చాయి. ఆరేళ్లకు అదే పనికి బయటికి పంపేశారు. ఈ రెండింటి మధ్య మారింది హెర్మన్ కాదు, హిచ్‌కాక్ పరిస్థితి. ‘సైకో’ ఆయన సొంత సొమ్ము, ఎవరికీ సంజాయిషీ చెప్పుకోనక్కరలేదు, సినిమా ఎలా ఆడుతుందోనన్న అనుమానం ఉన్నప్పుడు ఎవరు మంచి సలహా ఇచ్చినా వినగల స్వేచ్ఛ ఉంది. ‘టోర్న్ కర్టెన్’ నాటికి తల మీద స్టూడియో ఉంది. తన మీద ఇతరుల ఒత్తిడి ఉన్న దర్శకుడు సంగీత దర్శకుడి మొండితనాన్ని భరించలేడు. మన పరిశ్రమలో పనిచేస్తున్నవారికి ఇది కొత్త సంగతి కాదనుకుంటాము.

హెర్మన్‌కు నోరు కూడా మంచిది కాదని ఒప్పుకోవాలి. 1942లో ‘ద మాగ్నిఫిసెంట్ ఆంబర్సన్స్’ను స్టూడియో కోసి, తన సంగీతంలో చాలా భాగం మార్చినప్పుడు టైటిల్స్‌లో తన పేరే తీసేయించారు. అది న్యాయమైన కోపం. ఆయన కోపాలన్నీ అంత న్యాయమైనవి కావు, అందువల్ల 1960ల చివరికి హాలీవుడ్‌లో పిలిచేవారు తగ్గిపోయారు.

ప్రశ్న: ఆ గొడవ తర్వాత ఆయన వృత్తి ముగిసిపోయిందా? ఆయన సంగీతాన్ని వినాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?
— ఒక పాఠకురాలు, ఖమ్మం

జవాబు: ముగియలేదు, స్థలం మారింది. హెర్మన్ లండన్‌కు మకాం మార్చారు. ఫ్రాన్స్ నుంచి దర్శకుడు ఫ్రాన్సువా త్రుఫో ‘ఫారెన్‌హీట్ 451’ కోసం ఆయనను పిలిచారు. ఆ తర్వాత హెర్మన్ పాత చిత్రాలు చూస్తూ పెరిగిన అమెరికన్ కుర్ర దర్శకులు వెతుక్కుంటూ వచ్చారు. బ్రయన్ డి పాల్మా ‘సిస్టర్స్’, ‘అబ్సెషన్’ చేయించుకున్నారు. మార్టిన్ స్కోర్సెసీ ‘టాక్సీ డ్రైవర్’ చేయించుకున్నారు. అందులో రాత్రి న్యూయార్క్ వీధులకు హెర్మన్ పెట్టిన శాక్సఫోన్ బాణీ ఆయన పద్ధతికి విరుద్ధంగా నిజంగానే పాడుకోదగినది. దాని కిందే లోతైన బాకాలు, డ్రమ్ములు ఉరుముతూ, ఆ మనిషి ఎప్పుడు పగిలిపోతాడోనన్న భయాన్ని నిలిపి ఉంచుతాయి. లాస్ ఏంజెలెస్‌లో ఆ చిత్రం రికార్డింగ్ పూర్తిచేసిన మరునాడు, 1975 డిసెంబర్ 24న, హెర్మన్ నిద్రలోనే మరణించారు. అరవై నాలుగేళ్లు. చిత్రం ఆయనకే అంకితమైంది. ‘టాక్సీ డ్రైవర్’, ‘అబ్సెషన్’ రెండింటికీ ఆస్కార్ నామినేషన్‌లు వచ్చినా, అవార్డు ‘ద ఓమెన్’కు జెర్రీ గోల్డ్‌స్మిత్ తీసుకున్నారు.

మొదట ‘వెర్టిగో’ చూడండి. అందులో మాటలు లేకుండా కథానాయకుడు జేమ్స్ స్టువర్ట్ కారులో శాన్ ఫ్రాన్సిస్కో వీధుల వెంట ఒక స్త్రీని వెంబడించే చాలా పెద్ద ఘట్టం ఉంది, అక్కడ కథ నడిపే బాధ్యతంతా సంగీతం మీదే పడింది. ఆ తర్వాత ‘సైకో’ను ఒకసారి చూసి, కారు ప్రయాణం ఘట్టాన్ని శబ్దం తీసేసి మళ్లీ చూడండి. చివరగా ‘టోర్న్ కర్టెన్’కు రండి. హిచ్‌కాక్ తిరస్కరించిన ఆ సంగీతాన్ని సంగీత దర్శకుడు ఎల్మర్ బెర్న్‌స్టీన్ తర్వాతి కాలంలో రికార్డు చేయించారు కనుక అది ఇప్పుడు వినడానికి దొరుకుతుంది. పొలంలోని ఇంట్లో భద్రతా అధికారిని చంపే ఘట్టానికి కూడా హెర్మన్ సంగీతం రాశారు. చిత్రంలో ఆ హత్య అంతా సంగీతం లేకుండా, పెనుగులాట చప్పుళ్లతోనే సాగుతుంది. రెండూ పక్కపక్కన పెట్టుకుని విన్నాక, ఈ ఒక్క ఘట్టంలో మేము హిచ్‌కాక్ పక్షం వహిస్తాము. మీ అభిప్రాయం వేరైతే రాయండి, వచ్చే సంచికలో వేస్తాము.